ఆరో గడి

రాత్రి పదకొండున్నర, పెరుంగుడి, ఏడో అంతస్తు.
ఏసీకి తట్టుకోలేక చున్నీ చెవుల మీదికి లాక్కుని
ఒహాయోలో ఎవరిదో నడుము చదువుతున్నాను.

పేరుండదు. పేరున్న చోట నల్ల పట్టీ.
డెబ్బై ఒకటి, పురుషుడు, రిటైరైన పోస్ట్‌మ్యాన్.
నాలుగో పూసకీ ఐదో పూసకీ నడుమ
నరాలు సాగే దారి ఇరుకైందంటోంది స్కాన్.
పోస్ట్‌మ్యాన్ అన్న మాట నాకు అక్కర్లేదు.
దానికి కోడ్ లేదు. అయినా రెండుసార్లు చదివాను.

ఎం, నాలుగు, ఎనిమిది, చుక్క, సున్నా, ఆరు.
ఇందాకా నా వేళ్లకే తెలుసు, నేను లేకున్నా నడుస్తుంది.
ఆరో గడి దగ్గరే ఆగాలి.
నడిస్తే కాళ్లు పట్టేసే రకమని డాక్టరు రాస్తే రెండు,
రాయకుంటే ఒకటి.

డాక్టరు రాసింది ఇదీ:
అంగట్లో బండి మీద వాలి తోసుకుంటూ ఎంతసేపైనా తిరుగుతాడు.
బండి వదిలితే కారు దాకా రాలేడు.

నేను రెండు కొట్టాను.

మర్నాడు నా వరస ఎర్రగా ఉంది.
ఆడిటర్ తామరైసెల్వి కుర్చీ జరుపుకుంటూ వచ్చింది.
"ఆ జబ్బు పేరు ఎక్కడుంది, చూపించు."
అర్థం అదే కదక్కా అన్నాను.
"అర్థం డాక్టరుది. మనది అక్షరం.
అనుమానముంటే ప్రశ్న పంపు.
ప్రశ్నలో జవాబు దూర్చకు, అదీ తప్పే."
తొంభై ఐదు శాతం కిందికి జారాను.
ఆ నెల ఇన్సెంటివ్ పోయింది.

తెల్లారుజామున క్యాబ్ వేళచ్చేరి మలుపులో దింపేసరికి
చెంగల్రాయుడు ఇస్త్రీ బండి బయటికి తీస్తుంటాడు.
నాలుగు తరాలుగా ఆంధ్ర మొహం చూడని తెలుగు ఆయనది.
"ఏం పాపా, డ్యూటీ ముగిసెనా" అంటాడు.
బండి మీదికి ఒరిగి, బొగ్గుల మూటతో సహా,
రెండు వీధులు ఆగకుండా తోసుకుపోతాడు.

రెండేళ్లుగా చూస్తున్నాను.
ఆ ఎర్ర వరస తర్వాతే కనబడింది:
మడతల మూట భుజానేసుకుని నిటారుగా బయల్దేరితే
మూడో గేటుకే పాలబూత్ మెట్టు,
ఐదో గేటుకి కరెంటు పెట్టె దిమ్మ.
ముందుకి వంగి కూర్చుని, పిక్కలు నిమురుకుంటూ,
ఎవరో వస్తామన్నట్టు రోడ్డు వైపు చూస్తాడు.

నా వేళ్లు గాల్లో కదిలాయి. ఎం, నాలుగు, ఎనిమిది.
గుప్పిట మూసుకున్నాను.
స్కాన్ లేదు, రిపోర్టు లేదు, నేను డాక్టర్ని కాను.
పైగా పేరు తెలిసిన మనిషికి
ఎప్పుడూ కోడ్ వేయలేదు.

ఆదివారం బట్టలిస్తూ అడిగాను,
జవాబేదీ దూర్చకుండా:
"మామా, నడిస్తే ఎట్టుంటుంది?"
"బండి ఉంటే బాగుంటుంది పాపా.
బండి లేకుంటేనే బరువు."

నా కుర్తా మెడ లోపల ఆయన సిరా గుర్తు:
రెండు చుక్కలు, ఒక అడ్డగీత.
వీధిలో అరవై ఇళ్లకి అరవై గుర్తులు.
పుస్తకం లేదు, ఆడిటరు లేడు,
ఇన్నేళ్లలో ఒక్క చొక్కా ఇల్లు మారలేదు.
ఆ అడ్డగీత ఎందుకని అడిగితే
"పొద్దున నిద్రపోయే ఇల్లు, బెల్లు కొట్టరాదు" అన్నాడు.

లాండ్రీ చీటీ వెనక రాసిచ్చాను:
సెంట్రల్ ఎదురుగా పెద్దాసుపత్రి, ఎముకల ఓపీ,
ఏడింటికల్లా లైన్లో ఉండాలి.
గేటు నుంచి ఓపీకి ఎంత దూరమో
రాయలేదు, నాకూ తెలీదు.

చీటీ కళ్లకి దగ్గరగా పెట్టుకుని చదివాడు.
మడిచి జేబులో పెట్టుకున్నాడు.
ఇస్త్రీపెట్టె ఎత్తి, బొగ్గుల మీది బూడిద ఊది,
"బండి తోసుకుని లోపలికి పోనిస్తారా?" అన్నాడు.

ఆయన కూడా
ప్రశ్నలో జవాబు దూర్చలేదు.