తెర పక్కన

పొద్దుగాల నాలుగున్నరకు అల్ ఖోర్ క్యాంపు నుంచి
రాస్ లఫాన్ దాక బండి నాది.
వెనక సీట్ల కుసకబె సారు, గ్యాస్ ప్లాంటు ఇంజనీరు.
ఏడాదిన్నర గుడ్ మార్నింగు తప్ప మాట లేదు.
దుమ్ము లేచి దారి మూసుకపోయిన దినం
బండి పక్కకు ఆపితే
ముత్తాత ముచ్చట తీసిండు,
నా కుంటి ఇంగ్లీషుకు ఆయన కుంటి ఇంగ్లీషు ఆసర.

మాటల్లేని సినిమాలకు కథలు రాసేటోడట.
మాటలే లేకుంటే రాసుడేంది సార్?
"ఎవరు ఎటు చూడాలె, ఎంతసేపు ఊకుండాలె,
అదే రాసుడు" అన్నడు.

అరవై మూడు కథలు.
మొదటిదానికి ముట్టింది ఒక బియ్యం మూట.
సగం వాటి మీద పేరు వేరేటోళ్లది.
తెర పక్కన నిలబడి కథ చెప్పే మనిషి ఒకడుంటడట,
జనం ఆయన గొంతు కోసమే టికెట్ కొంటరట.
తాత రాసింది ఒకటి, ఆయన చెప్పేది ఇంకొకటి.
తాత ఆఖరి బెంచీల కూసొని
తన కథ తానే కొత్తగ వినేటోడట.

భూకంపంల కొన్ని రీళ్లు కాలినయ్.
ఉన్నయి వెండి కోసం కరగబెట్టిన్రు.
సినిమాకు మాటలొచ్చినంక తాతకు పని పోయింది.
సబ్బుల కంపెనీల లెక్కలు రాసుకుంట ముసలోడైండు.

ఇంట్ల మిగిలింది ఒక్క కాయితం.
సారు ఫోన్ల చూపిండు:
పైనుంచి కిందికి చీమల బారు.
"వాన. ఆమె చేతిల గొడుగు. తెరవదు."
గంతే.

అద్దం మీద ఇసుక గీరుతున్నది.
నాకు పోశెట్టి యాదికొచ్చిండు.

పోయిన జూన్ల పైపుల కింద నీడకని పోయి
మళ్ల లేవలె.
కంపెనీ కాయితం మీద రెండే మాటలు: గుండె ఆగింది.
ఇంటికి ఫోన్ ఎవరు చెయ్యాలె అంటే
రూముల పదకొండు మంది నా దిక్కే చూసిన్రు,
నా గొంతు మెత్తగుంటదని.

నేను చెప్పిన: కడుపునిండ తిన్నడు వదినా,
నవ్వుకుంట పన్నడు, తెల్లారి లేవలె.
ఎండ ముచ్చట ఎత్తలె.
చానసేపు ఊకున్నది.
నేను పంపిన తొక్కు అయిపోయిందా, అని అడిగింది.
అయిపోయింది, అన్న.
సగం సీసా ఇప్పటికీ నా మంచం కిందనే ఉన్నది.

ఇదంత సారుకు చెప్పాలనిపించింది.
అంత ఇంగ్లీషు నా దగ్గర లేదు.
తెర పక్కన నిలబడేటోని పేరేంది సార్, అని మాత్రం అడిగిన.
"మా ఇంట్ల ఎవరికీ యాదికి లేదు" అన్నడు.

దుమ్ము పలచబడ్డది.
వైపర్ వేసిన,
ఒట్టి ఇసుక, అటూ ఇటూ.