రాజీనామాకు ముందు ఒక మాట

షిల్లాంగ్‌లో మా సెక్షన్ మూడో అంతస్తు.
కిటికీ అవతల పైన్ చెట్లు, ఇవతల చెమ్మ.
ఇక్కడ సర్వీసు పుస్తకాలకు చెద పట్టదు,
బూజు పడుతుంది.

కాంగ్ ద్రిమ్సిబోన్ ఖార్‌బూలి పుస్తకం
నా బల్ల మీదికి వచ్చి పదకొండు వారాలు.

ఆమె సోహ్రాలో వాన కొలిచింది.
ఐదేళ్ల తొమ్మిది నెలలు,
పొద్దున ఎనిమిదిన్నరకు
గొడుగు కర్రను మెడకీ భుజానికీ మధ్య ఇరికించుకుని
గాజు కొలపాత్రను కంటి ఎత్తుకు పట్టుకుని
నీటి అంచు ఏ గీతను తాకితే ఆ గీతే రాసింది.
జూన్‌లో కొన్ని పొద్దులు
పాత్రను ఇరవైసార్లు నింపి, ఇరవైసార్లు పారబోసి,
వేళ్లు మడిచి లెక్క.

తర్వాత పరీక్ష రాసి మా ఆఫీసుకొచ్చింది.
వస్తూ వస్తూ అక్కడొక కాగితం ఇచ్చింది:
"నా ఉద్యోగానికి రాజీనామా చేస్తున్నాను."
అంతే.
రాజీనామాకు ముందు
"సాంకేతిక" అన్న మాట లేదు.

ఆ మాట ఉంటే
ఈ గదిలోంచి ఆ గదిలోకి నడిచినట్టు.
లేకపోతే ఇల్లు విడిచి పోయినట్టు.
ఉంటే మిగిలిన సెలవులు వెంటొస్తాయి, జీతం వెంటొస్తుంది,
రెండువేల నాలుగుకు ముందు చేరినవాళ్ల పింఛనూ వస్తుంది.
లేకపోతే ఆమె
రెండువేల ఎనిమిది జూలైలో, మా రిజిస్టరులో,
ముప్పై ఏళ్ల వయసుతో పుట్టిన మనిషి.

"ఆ మాట రాయాలని ఎవరూ చెప్పలేదు, బాహ్" అంది.
నాకూ ఎవరూ చెప్పలేదు.
రూల్సు తిరగేస్తే తెలిసింది,
అదీ ఆమె ఫైలు వచ్చాకే.

మా అమ్మమ్మ దూరాన్ని వక్కలతో చెప్పేది.
ఫలానా ఊరు ఎంత దూరమంటే
దారిలో ఎన్ని వక్కలు నములుతామో అంత.
మధ్యలో జీపు మారినవాణ్ణి
నోట్లోది ఉమ్మేసి
మళ్లీ ఒకటి నుంచి మొదలెట్టమని
ఆవిడ ఏనాడూ అనలేదు.

ఇది నోట్‌లో రాయలేను కదా.

నోట్‌లో రాసింది ఇది:
"దరఖాస్తు సరైన మార్గం ద్వారానే వచ్చినట్లు తెలుస్తోంది."
ఆఫీసరు "తెలుస్తోంది" కింద ఎర్ర గీత గీసి
పక్కన రాశాడు: ఎలా?

గౌహతికి ఉత్తరం. జవాబు లేదు.
మళ్లీ ఉత్తరం. "పాత రికార్డులు వరదనీటిలో తడిసినవి."
వాన లెక్కలు చూసే ఆఫీసు కాగితాలు
వానే తినేసింది.
నవ్వాను. పక్క బల్లవాళ్లకు చదివి వినిపించాను కూడా.
కాంగ్ గుమ్మంలో నిలబడి ఉందని
అప్పటికి చూడలేదు.

మూడో ఉత్తరానికి
లోహిత్ హాతిబరువా అనే డిస్పాచ్ గుమాస్తా ఫోన్ చేశాడు.
అతుక్కుపోయిన పేజీలను పేపర్ కత్తితో విడదీశాడట.
ఒక వరుస బతికింది:
నంబరు, తేదీ, డి. ఖార్‌బూలి దరఖాస్తు, షిల్లాంగ్‌కు.
చివరి గడిలో, తపాలా ఖర్చు ఐదు రూపాయలు.

ఐదు రూపాయల బిళ్ల మీద
ఐదేళ్ల తొమ్మిది నెలలు నిలబెట్టి
ఫైలు పైకి పంపాను.

నిన్న తిరిగొచ్చింది.
"శుక్రవారం అక్కడ విడుదల. సోమవారం ఇక్కడ చేరిక.
మధ్య రెండు రోజుల సంగతి?"

మెట్ల దగ్గర ఆమెను అడిగాను.
"సోహ్రాలోనే ఉన్నాను.
కొత్త కుర్రాడికి గీత చూడ్డం రాదు,
పైనుంచి వంగి చూస్తాడు, తక్కువ రాస్తాడు.
రెండు రోజులూ నేనే కొలిచాను."

సంతకం?

"అతనిదే. నేను అప్పటికి ఉద్యోగంలో లేనుగా."

కాసేపు ఇద్దరం మాట్లాడలేదు.
వాన ఎంత పడిందని అడిగాను, ఊరికే,
ఏ రూల్లోనూ ఆ ప్రశ్న లేదు.

ఆమె తడుముకోలేదు.
"శనివారం నూట పన్నెండు.
ఆదివారం తొమ్మిది."