పదకొండు నిమిషాల వాటా

బాత్రూమ్ తలుపు మీద మెహజబీన్ అంటించిన కాగితం ప్రకారం
ఆరూ నలభైకి నా వంతు.
పదకొండు నిమిషాలు.
పన్నెండో నిమిషంలో లిల్లీ గ్రేస్ తలుపు తట్టదు,
దగ్గుతుంది.
ఒంగోలు దగ్గు. మర్యాదగానే మొదలై
వీధి చివరి ఇడ్లీ బండి దాకా వినిపిస్తుంది.

బీటీఎమ్‌లో మూడో అంతస్తు, ముగ్గురం, ఒక్క కుళాయి.
సగం ట్యాంకరు నీళ్ళు, సగం బోరు నీళ్ళు,
బకెట్ చుట్టూ తెల్లగా సున్నపు గీత.
షాంపూ ఎంత రుద్దినా నురగ రాదు,
అప్పు మాట ఎత్తగానే
మొహం చాటేసే చుట్టంలా.

మదనపల్లె నుంచి దిగిన రోజు
కుర్చీలో కూర్చుంటే నా జడా నాతోపాటు కూర్చునేది.
అప్పుడు మూడు చుట్లకే బిగిసిన రబ్బరుబ్యాండు
ఇప్పుడు ఐదు తిరుగుతోంది.
అమ్మ బస్సు పార్సిల్లో కుంకుడుకాయలు పంపుతుంది
గింజ తీసి, ఎండబెట్టి, పాత దిండుగలీబులో మూట కట్టి.
"రాత్రి నానేసుకో, పొద్దున పిసుక్కో, అంతేగా!"
ఏ రాత్రమ్మా?
పదకొండింటికి లాప్‌టాప్ మూశాక
నానబెట్టడానికి
నాకు నేనే దొరకను.

అందుకని నాదో కొత్త శాస్త్రం.
కుడిచేత్తో పళ్ళు తోముతూ
ఎడమచేత్తో మొహానికి పెరుగు,
రాత్రి భోజనంలో దాచిన రెండు చెంచాలు, కాస్త పులిసినవి.
అది ఆరేలోపు తల. తల అయ్యేలోపు ఒళ్ళు.
తడి ఆరకముందే చేతులకు ఇంత కొబ్బరినూనె.
మోచేతులూ మడమలూ ఆదివారం దాకా ఆగాలి,
వాటికి నోరు లేదు.

ఇక ఆఖరి చెంబు.
ఎవరూ లేవకముందే, గుట్టుగా,
తాగే నీళ్ళ క్యాను వంచి పట్టుకొచ్చిన
ఒక్క చెంబుడు.
ఓనరు పుట్టతాయమ్మ క్యాన్లు లెక్కపెడుతుంది,
"కుడియక్కె మాత్ర" అని వేలు చూపిస్తుంది.
తాగడానికే, నిజమే.
నా జుట్టు ఎంత దాహంగా తాగుతుందో ఆవిడకేం తెలుసు!
ఆ చెంబు పడగానే వెంట్రుకలు
కడిగిన గాజుగ్లాసులా కీచుమంటాయి.

మొన్న మంగళవారానికే క్యాను అయిపోయింది.
లెక్క తేల్చుకుంటే,
లిల్లీది రోజూ ఒక చెంబు,
మెహజబీన్‌ది రెండు.
ముగ్గురం ఒకరి తలలు ఒకరం చూసుకున్నాం.
ఎవరూ ఏమీ అనలేదు.
జాలీలో చిక్కుకున్న వెంట్రుకల ఉండలో మాత్రం
ఏది ఎవరిదని విడదీస్తాం?
ఎవరికి కనిపిస్తే వాళ్ళు తీసి పారేస్తాం.
ఆ ఒక్క పనికీ కాగితం మీద వంతు లేదు.

ఏడూ పదికి క్యాబ్.
జాకెట్టు వీపున ఇంకా తడి మరక.
రెండు వేళ్ళ పొడవున సన్‌స్క్రీన్ తీసి
మెడకూ, చెవుల వెనక్కీ పామి,
కాటుకపుల్ల చేత్తో పట్టుకుని ఆగుతాను.
ఈ దారిలో గతుకులన్నీ నా కనురెప్పలకు కంఠస్థం.
మూడో స్పీడు బ్రేకర్ దాటితేనే
కాటుక.

సిల్క్ బోర్డు సిగ్నల్. నూట అరవై సెకన్లు.
ఇవాళ నా కిటికీ పక్కనే ఒక స్కూటర్ ఆగింది.
నడివయసు మనిషి, మెడలో ఏదో బ్యాంకు కార్డు.
హెల్మెట్ తీసి
నా నల్ల అద్దంలోకి వంగాడు.
లోపల నేనున్నానని అతనికి తెలీదు.
అణిగిన జుట్టును వేళ్ళతో లేపాడు,
పలచబడిన చోటికి పక్కనించి నాలుగు పోగులు లాగి
కాపలా పెట్టాడు.
మీసంలో ఒక తెల్ల వెంట్రుక కోసం
కళ్ళు చికిలించి, గోళ్ళతో పట్టి,
జారిపోయి, మళ్ళీ పట్టి...

అతని మొహం సరిగ్గా నా మొహానికి ఎదురుగా ఉంది,
మధ్యలో అర అంగుళం గాజు.
అంత దగ్గరగా నన్ను
నేను కూడా చూసుకోలేదు ఈ మధ్య.

ఉక్కగా ఉంది, ఏసీ పనిచేయట్లేదు.
ముందు సీట్లోంచి డ్రైవరు,
"మేడమ్, గ్లాస్ దించేయండి, గాలొస్తుంది" అన్నాడు.

ఇంకా ఇరవై రెండు సెకన్లుంది.
"ఒక్క నిమిషం" అన్నాను.
వెంట్రుక ఇంకా రాలేదు.