లేని ఇటుక

కుతాయిసీలో, రియోనీ నది వంతెన దిగగానే
జౌరీ రొట్టెల కొట్టు.
తెల్లవారుజామున నాలుగింటికి నుత్సా అతని ఒంటికి
ముప్పై ఏడు తెల్ల గోళీలు అంటించింది,
మణికట్టుకి, మోచేతికి, మెడ వెనక, నడుముకి.
"పెళ్ళికొడుకుని చేస్తున్నావా ఏంటి?" అన్నాడు.
ఒకటి ఊడి పిండిలో పడితే ఏరి
తనే అంటించుకున్నాడు, రెండంగుళాలు పక్కకి.

అక్కడి పొయ్యి నేలలోకి దిగిన మట్టి కాగు.
బావిలో పడ్డ చెంబు కోసం వంగినట్టు
జౌరీ అందులోకి నడుం దాకా వంగుతాడు.
కాళ్ళు గాల్లోకి లేస్తాయి.
లోపలి గోడకి చెళ్ళుమని ఒక రొట్టె.
పైకి. ఊపిరి.
మళ్ళీ.

తన గదిలో, తెర మీద,
నుత్సా ముందు పొయ్యిని తీసేసింది.
తర్వాత గోడల్ని, కాళ్ళని,
చివరికి జౌరీనే.
మిగిలింది కుడిచెయ్యి నడిచిన దారి.
ఆ పొద్దుటి మూడొందల దారుల్నీ ఒకదాని మీద ఒకటి వేస్తే
నల్లటి తెర మీద నిప్పురంగు నూలు చిలప.

అందంగానే ఉంది.
కానీ పైకొచ్చే ప్రతి గీతా
ఒకేచోట ఉలిక్కిపడుతోంది,
బియ్యపు గింజంత నొక్కు.

"యంత్రం పొరపాటయి ఉంటుంది, నునుపు చేసెయ్" అన్నాడు ఒతార్.
ఒక్క మీట.
చేసింది. గీత నూనెలా జారింది,
ఎవరి చెయ్యో అయిపోయింది.
వెనక్కి తెచ్చుకుంది.

అడిగితే జౌరీ తన మోచేతిని
అద్దెకి తెచ్చిన వస్తువులా అటూ ఇటూ తిప్పి చూశాడు.
"ఇక్కడేం లేదే" అన్నాడు.
నాలుగు రొట్టెలు తీశాక అన్నాడు:
"పాత కొట్లో పొయ్యి అంచున ఒక ఇటుక పొడుచుకొచ్చి ఉండేది.
తగిలిందా, తోలు లేచిపోయేది."
ఆ కొట్టు కూల్చి పదకొండేళ్ళు.
ఇప్పుడక్కడ మందుల షాపు.

ప్రదర్శన నాడు, పాత నాటకశాల గోడ మీద
రెండు నిలువుల ఎత్తున వెలిగింది గీత.
నది అన్నారొకరు. ద్రాక్షతీగ అన్నారు ఇంకొకరు.
జౌరీ ఏమీ అనలేదు.
ఇస్త్రీ కోటులో, చేతులు వేలాడేసుకుని నిలబడ్డాడు.

గీత ఆ నొక్కు దగ్గరికి వచ్చినప్పుడల్లా
కోటు లోపల మోచెయ్యి
ఒంటికి దగ్గరగా జరుగుతోంది.
పక్కనున్న మాక్వాలా, అతని భార్య,
తలైనా తిప్పకుండా
ఒక అడుగు ఎడంగా జరిగింది.

నుత్సా చూసింది.
ఆ పూట తన దగ్గర
ఒక్క గోళీ అయినా లేదు.