ఒక్క క్రియాపదం

ఆ ఉత్తర్వు చిత్తుప్రతి నాదే.
ఆగస్టులో ఒక గురువారం, రాత్రి పదకొండు దాటాక,
వూస్టర్ ఆఫీసులో ఫ్యాను ఒక్కటే నాతో మేలుకుని ఉండగా
టైపు చేశాను:
విచారణ ముగిసేదాకా
ఉభయ పక్షాల్లో ఎవరూ
ఆ నలభై ఒక్క చెట్లనూ ముట్టరాదు.

లెడ్‌బరీ దగ్గర ప్రీస్ వాళ్ల పియర్ తోట.
చెట్ల వయసు వందా, నూటయాభయ్యా,
ఎవరికీ సరిగా తెలీదు.
సగం ఎనిడ్‌ది. ఆ కాయలు పిండి పెర్రీ పులియబెట్టి బతుకుతుంది.
సగం ఆమె మరిది కొడుకు క్లైవ్‌ది.
రంపాలవాళ్లకి అడ్వాన్సు ఇచ్చి సోమవారం రమ్మన్నాడు.
మా చేతిలో శుక్రవారం ఒక్కటే ఉంది.

బర్మింగ్‌హామ్‌లో జడ్జిగారు ఇరవై నిమిషాలు విన్నారు.
సౌలభ్యాల తూకం అన్నారు.
కూల్చిన చెట్టుని డబ్బు నిలబెట్టదు అన్నారు.
రేపు ఓడితే క్లైవ్ నష్టమంతా కడతానని
ఎనిడ్ చేత పూచీ రాయించుకున్నారు.
నా కాగితంలో అక్షరం మార్చకుండా సంతకం పెట్టారు.
ఆ సాయంత్రం రైల్లో ఎంత పొంగిపోయానో
ఇప్పుడు చెప్పుకోను.

ముట్టరాదు.
ఇంగ్లీషులోనే కొట్టాను గానీ
ఆ మాట నాకు నేర్పింది చట్టం కాదు.
నర్సాపురంలో, నెలకి మూడు రోజులు,
వంటింటి గడప, ఆవకాయ జాడీ,
వసారాలో విడిగా వేసిన చాప.
కారణం అడిగితే
ఆ మాటే మళ్లీ కారణం.

సెప్టెంబరులో కాయ పండింది.
ఎనిడ్ ఫోన్ చేసింది, కోసుకోవచ్చా?
కుదరదన్నాను.
రాలినవైనా ఏరుకోవచ్చా?
రాలిన కాయ చెట్టు కిందికే వస్తుందా అని
మా పార్ట్‌నర్ హంఫ్రీని అడిగితే
కళ్లజోడు తీసి చాలాసేపు తుడుచుకున్నాడు.
ధిక్కారం అవుతుందేమో, వద్దనే చెప్పాం.
ఆమె కంచె ఇవతల నిలబడి చూసింది.
కందిరీగలకి నోటీసు అందలేదు.
గాలి ఈ దావాలో పార్టీ కాదు.
యథాతథ స్థితి అని మేం పేరుపెట్టింది
గడ్డిలో పులిసి, నురగ కక్కి, నల్లబడి,
నవంబరుకి వాసన కూడా మిగల్చలేదు.

అప్పీలుకి వెళ్లింది మేం కాదు, క్లైవ్.
మొత్తం కొట్టేయమని.

జనవరి, లండన్, స్ట్రాండ్.
తడిసిన గొడుగులు, నా చక్రాల పెట్టెలో ఏడు ఫైళ్లు,
పైన ముగ్గురు.
మధ్యలో ఉన్నావిడ అంది:
"ఆ కుర్చీలో మేముంటే
వేరేలా తేల్చేవాళ్లమేమో.
అంతమాత్రాన ఇది తప్పయిపోదు."
పెద్ద చెయ్యి ఒకటి వచ్చి, ఆగి, వెనక్కి వెళ్లడం
అంత దగ్గర్నుంచి నేనెప్పుడూ చూడలేదు.
ముందు వరసలో క్లైవ్ మెడ ఎర్రబడింది.

తర్వాత ఆవిడ ఒక పేజీ వెనక్కి తిప్పింది.
నా పేజీ.
"ఈ మాట ఎవరు ఎంచుకున్నారు?"
లేచింది మా బారిస్టరే.
నా మోకాళ్లు కూడా లేచినంత పని చేశాయి.
"చెట్టుని కాపాడమంటే
చెట్టుని చూసుకునే మనిషిని కూడా ఆపారు.
ఇది కొమ్మలు కత్తిరించే కాలం కాదా?"
అప్పటిదాకా పలకని చివరాయన
కిటికీ వైపు చూసి, "మార్చి దాటితే ఆలస్యం" అన్నాడు,
పెరట్లో చెట్టున్నవాడిలా.

ముట్టరాదు తీసేసి
నరకరాదు అని పెట్టారు.
కోసిన కాయల లెక్క చూపమని ఒక వాక్యం చేర్చారు.
మిగతాదంతా అలాగే ఉంచారు,
నా కామాలతో సహా.

బయట వానలో ఎనిడ్ అడిగింది, గెలిచామా?
తోట నిలిచింది. పంట పోయింది.
అసలు విచారణ జూన్‌లో.
ఏది ముందు చెప్పాలో తెలీక
"నిచ్చెన ఉందా మీ ఇంట్లో?" అన్నాను.

శనివారం నన్నూ రమ్మంది.
పదిహేడో చెట్టు మీద నాచు
కుక్కపిల్ల ముక్కులా చల్లగా, తడిగా.
గ్లోవు తీశాను.
గేటు అవతల, కారు ఇంజను ఆపకుండా,
క్లైవ్
మేం కిందపడేసిన ఒక్కో కొమ్మనీ
ఫోటో తీసుకుంటున్నాడు.