గుమ్మం బయట బూట్లు

పొద్దుగూకితే నేను చేసే మొదటి పని
నాన్న రబ్బరు బూట్లు బయట పెట్టడం.
గుమ్మానికి ఎడంపక్క, మడమలు గోడకానించి,
మనిషి ఇప్పుడే విప్పి లోపలికెళ్ళినట్టు.
ఒక్కోరోజు కాస్త బురద కూడా పూస్తాను.
ఈ లెసోతో కొండల్లోకి బస్సు రాదు గానీ
గుర్రమ్మీద పోయేవాడి చూపు
ముందు గుమ్మమ్మీదే పడుతుంది.

బూట్లు బంగారు గనిలో ఇచ్చినవి.
దగ్గు కూడా అక్కడిదే.
దగ్గు నాన్నని తీసుకుపోయింది,
బూట్లు దానికి పట్టలేదు.
అమ్మ సరిహద్దు అవతల ఎవరి బట్టలో ఇస్త్రీ చేస్తోంది.
డబ్బు వచ్చిన నెల వస్తుంది.

నాకు పదమూడు. తమ్ముడు మొలెఫికి తొమ్మిది.
పులానేకి ఎన్నేళ్ళో అమ్మనే అడగాలి,
ముందు పళ్ళు రెండూ ఊడాయి.

మొక్కజొన్న పిండి కొలిచేది నేను.
గరిటె డబ్బా అడుగున గీరుకుంటే
ఆ చప్పుడు వినపడకుండా పాటందుకుంటాను.
అక్కకి సంకటి కలిపేటప్పుడే హుషారని
పులానే ఊరంతా చెప్పింది.

జూలైలో మంచు పడింది.
సేబాతా తాత మందలో ఒక గొర్రె తగ్గింది.
కాసేవాడు మొలెఫి; తగ్గితే కూలి పోతుంది.
వాడు తన కాళ్ళకేసి చూసుకున్నాడు,
తర్వాత బూట్లకేసి.
"వద్దురా, నాన్న ఇంట్లో ఉన్నట్టు అవి."
"నాన్న ఇంట్లో ఉంటే
వెతకడానికి వెళ్ళేవాడు కాదా, అక్కా?"

పాత గుడ్డలు కుక్కి కట్టాను.
పిడక పొగలోంచి దిగి
ఈడ్చుకుంటూ వెళ్ళాడు, మోకాళ్ళు దాటిన బూట్లతో.

ఆ రాత్రి గుమ్మం పక్క ఏమీ లేదు.
తలుపుకి వీపు ఆనించి కూర్చున్నాను,
ఒళ్ళో వాడి కర్ర.
కుక్కలు రెండుసార్లు మొరిగాయి.
మూడోసారి మొరగలేదు,
అదే ఎక్కువ భయం వేసింది.

ఎప్పుడు కునుకు పట్టిందో, ఎప్పుడు తలుపు తీశానో.

తెల్లారి ముందు లేచింది పులానే.
గుమ్మంలో నిలబడి అరిచింది:
"అక్కా! నాన్న వచ్చాడు!"

వాలు మీంచి మా ఇంటిదాకా
మంచులో పెద్ద పెద్ద అడుగులు.
పక్కనే చిన్న గిట్టలు.

పొయ్యి పక్క మొలెఫి, గొర్రె, ఒక్క దుప్పటిలో.
ఎవరి గురకో తెలీదు.

నేను కాదనలేదు.
బకెట్ తీసుకుని ఊటకి బయల్దేరాను,
ఆ అడుగులు చెరక్కుండా
పక్కనించి, పక్కనించి నడుస్తూ.