రైలు పుంత

అడంగల్లో ఆ గడి ఇంకా ఎవరూ కొట్టెయ్యలేదు.
సర్వే నంబరు పక్కన, ఎవరిదో వంకర దస్తూరీ:
రైలు పోరంబోకు.
రైలు లేదు. పోరంబోకు ఉంది.
ఊళ్ళోవాళ్ళు రైలు పుంత అంటారు.

గొలుసు పట్టుకుని ఈ ఊరొచ్చిన మొదటి వారం
పటం పరిచి చూశాను.
మళ్ళన్నీ కాలవ చెప్పినట్టు వంగి పడుకున్నాయి.
ఒక్క గీత మాత్రం ఎవరి మాటా వినకుండా
గోదారి రేవు దాకా తిన్నగా పోయింది.
ఈ నేల మీద నీళ్ళే తిన్నగా పోవు,
ఇదెవరిదో పరాయి గీత అనుకున్నాను.

"యుద్ధమొచ్చిందండి, పట్టాలు పీక్కుపోయారు"
కళ్ళతో చూసినట్టే చెబుతాడు కడలి అప్పలస్వామి.
తను పుట్టింది ఆ తరవాత పదేళ్ళకి.
చూసింది వాళ్ళ నాన్న. మేకులు పీకిన కూలీ.
పన్నెండేళ్ళ ముందు అవే మేకులు కొట్టిన కూలీ కూడా ఆయనే.
"కొట్టినదానికన్నా పీకినదానికే
అణా ఎక్కువిచ్చారంటండి, ఆయ్!"

బండి పోయింది గానీ
పూర్తిగా పోవడం చేతకాలేదు దానికి.
బడి వసారాలో రెండడుగుల పట్టా ముక్క వేలాడుతుంది.
పితాని చిట్టెమ్మ సుత్తితో కొడితే
ముందు ఇనుము మోగుతుంది,
తరవాత చాలాసేపు దూరం మోగుతుంది.
వాళ్ళ పాకలో దూలం ఒకప్పటి స్లీపరే.
మేకు పీకిన కన్నంలో
చిట్టెమ్మ పొగాకు, చిల్లర, మనవడి పుట్టువెంట్రుకలు.
పొద్దు వాలితే ముసలమ్మలు
"రెండో బండి వేళయింది, దీపం పెట్టండే" అంటారు.
ఏ బండి అని పిల్లలడిగితే
వాళ్ళకీ తెలీదు.

ఎనభై ఆరు ఆగస్టులో
గోదారికి నా సర్వే రాళ్ళు కనపడలేదు.
మళ్ళు లేవు, గట్లు లేవు, బోదెలు లేవు.
మిగిలింది ఆ గీత ఒక్కటే.
ఎనిమిదడుగుల వెడల్పున ఊరంతా ఎక్కింది.
గేదెలు, కోళ్ళగంపలు, తడిసిన వడ్ల బస్తా మీద బాలింత.
పేట వాళ్ళూ పెద్దవీధి వాళ్ళూ ఒకటే వరస,
ఎడంగా కూచోడానికి చోటేదీ?
మూడో రాత్రి, వానలో, చీకట్లో
ఎవరో గొంతెత్తి అడిగారు:
"ఏవండోయ్, ఈ బండి ఎప్పుడు కదులుద్దండీ?"
ఆ కొస నించి ఈ కొస దాకా
పెట్టె తరవాత పెట్టెలా నవ్వు కదిలింది.
నేనూ నవ్వాను.
నా పక్కన ఎవరు కూచున్నారో
తెల్లారే దాకా నాకు తెలీదు.

ఇంతవరకూ బాగానే చెప్పాను.

తొంభై అయిదులో రొయ్యలొచ్చాయి.
గుత్తుల సూర్యచంద్రం చెరువు గట్టుకి మట్టి కావాలన్నాడు.
వాడుకలో లేని కట్ట, అభ్యంతరం లేదు అని
కాగితం మీద రాసింది నేను.
ముప్పై ట్రాక్టర్లన్నాడు. మూడొందలు తోలాడు.
లెక్కపెట్టడం నా ఉద్యోగం,
ఆ వారం సెలవు పెట్టాను.
మరుసటి వరదకి నీళ్ళు సరిగ్గా ఆ గండిలోంచే వచ్చాయి.
చిట్టెమ్మ పాక దూలం మట్టుకు నిలబడింది,
గోడలు లేకుండా.
ఒక్క మాట అనలేదు నన్ను.
కన్నంలో వేలు పెట్టి తడిమి
"చిల్లర ఉందండి" అంది.

పటంలో ఆ గీత ఒకచోట తెగి ఉంటుంది.
తెంపింది యుద్ధం కాదు.

మొన్న కొత్త సర్వేయరు కుర్రాడు వచ్చాడు,
చేతిలో ఆకాశంతో మాట్లాడే పెట్టె.
"రైలే లేదు కదండీ, ఈ మాట తీసేద్దామా?"
జవాబు దొరక్క కిటికీలోంచి బయటికి చూశాను.
నాలుగు గంటలు. బడి వదిలారు.
గడ్డికోసుకున్న మోపుతో చిట్టెమ్మ పుంత దాటుతోంది.
కట్ట ఎక్కింది. ఆగింది.
ఇటు చూసింది. అటు చూసింది.
వాళ్ళమ్మ నేర్పింది, వాళ్ళమ్మకి వాళ్ళమ్మ.
ఏదీ రావడం లేదని నిర్ధారించుకుని
దిగి వెళ్ళిపోయింది.

"ఉండనీ బాబూ" అన్నాను.